మగ్గం ముందు బాక్సింగ్ పాట

నాకు ఇంగ్లీషు ఒక్క ముక్క రాదు. అయినా ఎనభైలనాటి ఒక ఇంగ్లీషు బాక్సింగ్ సినిమా పాటలో ఏ డ్రమ్ము తర్వాత ఏ వాయిద్యం వస్తుందో నిద్రలో లేపి అడిగినా చెప్తాను. అన్న నన్ను వనపర్తిలో మార్నింగ్ షోకి తీసుకుపోయినప్పుడు నాకు పన్నెండేళ్ళు. కథ సగం అర్థం కాలేదు. ఓడిపోయినవాడు మళ్ళీ లేచి రోడ్లమ్మట పరుగెత్తడం మాత్రం బాగా అర్థమైంది. వాడు పరుగెత్తుతుంటే ఆ పాట. తర్వాత అన్న దాన్ని క్యాసెట్‌లో ఎక్కించుకొచ్చాడు, టేపు తెగేదాకా విన్నాం.

ఇప్పటి పిల్లలకు పాతవి ఎక్కవంటారు. ఒట్టి మాట. నాగర్‌కర్నూల్‌లో చెల్లెలింటికి పోయినప్పుడు చూశాను, పోలీసు సెలెక్షన్ల కోసం గ్రౌండులో ఉరుకుతున్న పిల్లల ఫోన్లలో అదే పాట. వాళ్ళ అమ్మానాన్నలకు పెళ్ళి కూడా కాని రోజుల పాట! ఈ కాలం పాట మొదటి నిమిషంలోనే నెత్తికెక్కి కూర్చుంటుంది. ఇదేమో కింది నుంచి మొదలవుతుంది. ముందు డ్రమ్ము, తర్వాత గిటారు, ఆ తర్వాత గొంతు. పాట అయిపోయేసరికి గెలిచింది మనమే అనిపిస్తుంది. అందుకే అది పాతబడదు.

రెండేళ్ళ కింద మా ఆయన కుడి భుజం పట్టేసింది. మాది గద్వాల మగ్గం. చీర నడుమ నూలు, అంచులు పట్టు. రెండూ కలిసేచోట పోగుకు పోగు మెలిక పడాలి కాబట్టి మా ఇంట్లో ఇద్దరం కూర్చుని నేస్తాం. ఆడవాళ్ళం ఎడమ పక్క కూర్చుని అంచు సంగతి చూస్తాం, పోగును బిగించే దెబ్బ వేసేది మగవాళ్ళే. చీర సాపుగా రావడమంతా ఆ దెబ్బలోనే ఉంది. ఆయన చెయ్యి లేవకపోయేసరికి, నూలూ పట్టూ ఇచ్చే సావుకారి ఆ పని ఇంకొకరింటికి ఇస్తానన్నాడు. దెబ్బ నేను వేస్తానన్నాను. ముప్పై ఏళ్ళు పక్కన కూర్చున్నదాన్ని, నాకు రాకపోవడమేంటి? సరే, ఒక్క చీర చూస్తానన్నాడు.

నా చోట పక్కింటామెను కూర్చోబెట్టి, చీర అయ్యేదాకా రోజూ ఫోన్లో అదే పాట మళ్ళీ మళ్ళీ పెట్టుకుని నేశాను. చెయ్యి దానంతటదే ఆడింది. ఇంత హుషారుగా ఈ ఇంట్లో ఎవరూ నేసి ఉండరనుకున్నాను. నేనూ మా ఆయనా తీసుకుపోతే, సావుకారి ఆ చీరను కిటికీకి ఎదురుగా ఎత్తి పట్టాడు. రెండు వేళ్ళ దూరానికొకటి చొప్పున చిక్కటి అడ్డగీతలు. పాటలో గొంతు పైకి లేచినప్పుడల్లా నేను దెబ్బ గట్టిగా వేశాను. పాటంతా చీర మీద అచ్చయింది. సిగ్గుతో తల ఎత్తలేకపోయాను. ఇంకొక్క చీర చూస్తానని, ఆ తర్వాత తననేమీ అనొద్దని చెప్పి పంపాడు.

దారి పొడుగునా మా ఆయన ఆ పాట బంద్ చెయ్యమంటూనే ఉన్నాడు. పాటను అంటే నేను ఓర్చుకోను, గట్టిగానే జవాబిచ్చాను. ఇంటికొచ్చి పంతానికి ఆ సినిమా మళ్ళీ పెట్టుకుని చూశాను. చూస్తే, వాడు కొట్లాడేటప్పుడు ఆ పాటే లేదు. పాట పరుగుకు, కసరత్తుకు. బరిలోకి దిగాక గుద్దుల చప్పుడు, వాడి ఊపిరి, అంతే. నలభై ఏళ్ళు విన్నా ఈ సంగతి నా బుర్రకెక్కలేదు.

మర్నాటి నుంచి పొద్దున దారం కండెలు చుట్టేటప్పుడు పాట రెండుసార్లు వినేదాన్ని. ఒళ్ళు వేడెక్కేది. తర్వాత ఫోను ఆపేసి మగ్గం గుంతలోకి దిగేదాన్ని. ఈసారి మా ఆయనే నా చోట, ఎడమ పక్క కూర్చున్నాడు. మొదటి రోజు నామోషీ పడ్డాడు. రెండో రోజు నుంచి నా దెబ్బ బరువెక్కితే చెప్పడం మొదలుపెట్టాడు. అలా చీర పూర్తయింది.

సావుకారి దాన్ని వెలుతురుకు పట్టి చూశాడు. మడిచి, మళ్ళీ విప్పి అరచేత్తో నిమిరాడు.

"భుజం నయమైందా ఏంది?" అని మా ఆయన్ని అడిగాడు.

మా ఆయన చెయ్యి ఎత్తి చూపించబోయి సగంలో ఆగిపోయాడు.

"నాది గింతే లేస్తది. గా దెబ్బ ఆమెది."

సావుకారి తర్వాతి చీరకు పట్టు తీసి, అలవాటుగా ఆయనకు ఇవ్వబోయి, నా చేతిలో పెట్టాడు.