పిట్టముక్కు

కరోనా తగ్గి మాస్కులు గడ్డాల కిందికి జారిన ఏడాది. అప్పుడు నేను జగిత్యాలలో ఓ ప్రైవేటు ఆసుపత్రిలో ఎక్స్‌రే టెక్నీషియన్‌ని. మా గదికి ఒకటే కిటికీ. వెలుగు రాకుండా అద్దాలకు నల్లరంగు పూసి, రెక్కలకు మేకులు కొట్టేశారు. నేను కోతలు కోస్తానని ఆసుపత్రిలో అందరికీ తెలుసు. ఈ కేసులో నాకు ఆ అవసరమే రాలేదు.

సిరిసిల్ల లస్మవ్వను కోరుట్లలో ఉండే కూతురు సరిత వెంటబెట్టుకొచ్చింది. మరమగ్గం మీద పనిచేసే భర్త ఆ మధ్యే పోయాడు. ఈమెకు తిన్నది దిగడం లేదు. కుర్చీలో మనిషి కూర్చుందా, ఉత్త చీరే కూర్చుందా అన్నట్టుంది. వంగితే ఛాతీలో గుడగుడ. రాత్రి తిన్న అన్నం తెల్లారి మెతుకు మెతుకుగా పైకి వస్తోందట, పులుపు వాసన కూడా లేకుండా. పులవలేదంటే అది కడుపు దాకా పోనే లేదన్నమాట.

బేరియం స్వాలో అంటే సున్నపునీళ్లలాంటి మందు తాగించి, అది దిగే దారిని తెర మీద చూడటం. లైటు ఆర్పి తాగమన్నాను. మందు ఛాతీలో ఆగిపోయింది. అన్నాన్ని కిందికి నెట్టే అలలు లేవు. అన్నవాహిక సంచిలా ఉబ్బి, అడుగున సన్నగా కొసదేలింది. అచలేషియా. మింగినప్పుడు వదులు కమ్మని చెప్పే నరాలు దెబ్బతిని, కింది కండరం బిగుసుకునే ఉంటుంది. ఆ ఆకారానికి మా పుస్తకాల్లో ఉన్న పేరు నోరుజారి పైకి అనేశాను.

"అగో, పిట్టముక్కు."

చీకట్లో గ్లాసు కింద పడింది.

లైటు వేసేసరికి ఆమె ఛాతీ పట్టుకుని గోడకు ఆనుకుంది. సంగతి సరిత చెప్పింది. తండ్రి పోయిన మూడోనాడు ఆయనకు ఇష్టమైన కూర, కల్లు విస్తట్లో సర్ది పిట్టకు పెట్టారు. పొద్దుగూకేదాకా కూర్చున్నా ఒక్క కాకి వాలలేదు. పిట్ట ముట్టలేదంటే పోయిన మనిషి అలిగినట్టే.

"నాకెర్కనే బిడ్డా," అంది లస్మవ్వ. "మీ నాయిన ఆడ ముట్టకుంట ఈడికచ్చి కూసున్నడు. నా నోటికాడి బువ్వ గుంజుకుంటున్నడు."

బొమ్మ చూసి డాక్టరమ్మ నెమ్మదిగా వివరించింది. ఎండోస్కోపీ అయ్యాక హైదరాబాదులో మేనోమెట్రీ చేయించాలి. ముక్కులోంచి సన్నటి గొట్టం దింపి అన్నవాహిక ఒత్తిడి కొలుస్తారు. తర్వాత బెలూన్‌తో ఆ బిగువును సాగదీయవచ్చు, లేదా కండరాన్ని కోయవచ్చు. ఇలాగే ఎండిపోతే మనిషి దక్కదని సరితను పక్కకు పిలిచి చెప్పింది. లస్మవ్వ చెప్పులేసుకుంది. లోపల కూర్చున్న మనిషిని గొట్టాలతో పొడిపించనంది. నాయిన బతికున్నప్పుడే ముద్దముద్దకూ నీళ్లు తాగేదానివని కూతురు గుర్తుచేసినా వినలేదు.

గడప దాకా వెళ్లి వెనక్కి వచ్చి, ఆ బొమ్మ చూపించమని నన్ను అడిగింది. చాలాసేపు చూసింది.

"ముక్కు మూసుకొని ఉన్నది గదా సారూ?"

"ఔనవ్వా."

"దానంతట దానికి తెరువరాదా?"

"రాదు. బెలూన్ అందుకే."

"గట్లయితే అలిగి కాదు. నోరు తెరువరాక ముట్టలే."

బతుకంతా కట్టుకథలు అల్లిన నేను తల మాత్రం ఊపాను. ఆమె కూతురి చేయి పట్టుకుంది.

"నడువు, పట్నం పోదాం. ఎన్ని దినాలసంది ఉపాసం ఉన్నడో."

మేనోమెట్రీలోనూ అచలేషియానే తేలింది. బెలూన్ వేశారు. కొన్నాళ్లకు బుగ్గలు కాస్త నిండి మా గదికే మళ్లీ వచ్చింది. లైటు ఆర్పాను. మందు కాసేపు తారాడి, తూము ఎత్తిన నీళ్లలా కడుపులోకి జారింది. పోయిన అలలు తిరిగి రావని, మళ్లీ బిగుసుకుంటే మళ్లీ రావాలని, నిమ్మళంగా కూర్చుని నీళ్లు తాగుతూ తినాలని చెప్పాను. ఆమె చివరి గుక్క తాగకుండా గ్లాసును కిటికీ గట్టు మీద పెట్టింది.

"గిది ఆయినకు."

గదికి తాళం వేసి, వాళ్లను ఆటో ఎక్కించి వచ్చాను. గ్లాసు ఖాళీ. గట్టు మీద పిట్ట కాలిగుర్తులు తెల్లగా నల్లటి అద్దం దాకా వెళ్లి ఆగిపోయాయి. మేకులు ఎక్కడివక్కడే ఉన్నాయి. నాకున్న పేరుకు ఎవరు నమ్ముతారు? తడిగుడ్డతో తుడిచేశాను.

మన పుస్తకంలోని మాటకు ఎదుటివాళ్ల ఇంట్లో ఏం అర్థముందో అడగకుండా పైకి అనకూడదని ఈ కేసు నేర్పింది. అలాంటి నీడ కనబడితే ఇప్పుడు గరాటు అంటున్నాను. ఆ రోజు మందు గ్లాసులో ఒక గుక్క మాత్రం మిగిల్చి, కిటికీ గట్టు మీద పెట్టి ఇంటికి పోతాను.