సీతారత్నం కూర్చుని ఆడిన పూట

మా చిన్నప్పుడు... పెళ్ళిపందిట్లో భోగంమేళం ఆడుతుంటే ఇంటి ఆడవాళ్ళం తడిక చాటున కూర్చుని కన్నాల్లోంచి చూసేవాళ్ళం. మంచి కన్నం కోసం పెద్దవాళ్ళు కూడా పోట్లాడుకునేవారు. నా వంతుకొచ్చిన కన్నంలోంచి మేళంలో ఆడే సీతారత్నం చీర కుచ్చెళ్ళు, గజ్జెలు, ఎదురుగా కూర్చున్న మగపెళ్ళివారి మీసాలు కనిపించేవి. ఆవిడ ముఖం మాత్రం ఎప్పుడూ కనిపించలేదు.

గోదావరి మీద రైలు వంతెన పడి ఇంకా కొత్త విడవని రోజులవి. మాది మండపేట దగ్గర పల్లెటూరు. ఎవరింట్లో పెళ్ళయినా కాలవ మీద పడవలో సీతారత్నం మేళం దిగాల్సిందే. వంటలు బాగోకపోయినా సర్దుకునేవారు గానీ, మేళం లేకపోతే మగపెళ్ళివారు మూతి ముడుచుకునేవారు.

మా అక్క పెళ్ళికి మాత్రం చిక్కొచ్చిపడింది. రాజమండ్రిలో చదువుకుంటున్న మా బాబాయి సెలవులకొచ్చి, "మేళం పెడితే నేను పందిట్లో అడుగుపెట్టను అన్నయ్యా" అని నాన్నగారితో తేల్చి చెప్పేశాడు. అక్కడ పెద్దమనుషులు మేళాలు మానాలని సభలు పెడుతున్నారట... చదువుకున్న ఇళ్ళే ముందు మొదలెట్టాలట. బాబాయి చెప్పింది కొట్టిపారేసే మాటేం కాదు. పందిట్లో ఆవిడ ఆట చూసి మెచ్చుకున్న నోళ్ళే, మర్నాడు అరుగు మీద ఆవిడ గురించి ఏం కూసేవో నేనూ విన్నాను. నాన్నగారు సరేనన్నారు. మేళం వద్దని సీతారత్నానికి కబురెళ్ళింది.

ఆ వెనకాలే మా నాయనమ్మ ఇంకో కబురు పంపింది... నల్లపూసలు గుచ్చడానికి రమ్మని.

ఇప్పటి పిల్లలకి తెలియదేమో... పెళ్ళికూతురి మెళ్ళో పడే నల్లపూసలు ఆ రోజుల్లో మేళం ఆవిడ చేతే గుచ్చించేవారు. ఆవిడని చిన్నప్పుడే దేవుడికిచ్చి పెళ్ళి చేస్తారు కాబట్టి ఆవిడకి వైధవ్యం ఉండదు. ఆ చేత్తో గుచ్చితే పిల్ల పసుపుకుంకాలు చల్లగా ఉంటాయని నమ్మకం. సభలకి వెళ్ళొచ్చిన మా బాబాయి కూడా ఈ సంగతి మీద నోరు మెదపలేదు.

సీతారత్నం వచ్చింది. మద్దెల లేదు, గజ్జెలు లేవు, ఒక్కతే వచ్చింది. మండువాలో చాప మీద కూర్చుని పూసల పళ్ళెం ముందుకు లాక్కుంది. దారం మాత్రం ముట్టుకోలేదు.

"పెద్దమ్మగారండీ, ఓ మాటడుగుతాను, ఏమీ అనుకోకండి. నా చేతులు కావాలి గానీ, నా కాళ్ళు పనికిరావాండి?"

నాయనమ్మ తడబడింది. "మాదేముందే రత్నం... మగాళ్ళు అనుకున్నారు."

"మీ ఇంట్లో మానేస్తే ఈ చుట్టుపక్కల అందరూ మానేస్తారండి. ఆ తర్వాత మేం ఏం చేసుకు బతకాలో, ఆ సభల్లో ఎవరైనా చెప్పారాండి?"

బాబాయి వీధి గుమ్మం దగ్గరే నిలబడి ఉన్నాడు. వినపడలేదనుకోవడానికి లేదు.

"సరేలెండి. లేచి ఆడొద్దన్నారు... లేవను" అంది సీతారత్నం.

దారం ఎక్కిస్తూ, సన్నగా ఓ పదం ఎత్తుకుంది. వస్తానన్నవాడు రాలేదని గుమ్మంలో ఎదురుచూసే ఆడదాని పాట. పూసకీ పూసకీ మధ్య ఆ చెయ్యి కాస్త గాల్లోకి లేచేది... తలుపు తీసేది, వీధిలోకి చూసేది, మళ్ళీ వచ్చి పూస అందుకునేది. 'రాలేదు' అన్న మాటని ఒకసారి కోపంగా పాడింది. ఇంకోసారి చెలికత్తె ముందు చిన్నబోకుండా నవ్వుతూ పాడింది. చివరికి కనుబొమ్మ ఒక్కటి కదిపి ఊరుకుంది. మాట పైకి రాలేదు గానీ మాకు వినిపించింది.

ఆవిడ ముఖం నేను చూడటం అదే మొదలు. మా అమ్మ పూలు కట్టడం ఆపేసింది. భర్త పోయినప్పటి నుంచీ శుభకార్యాల్లో వంటిల్లు దాటి రాని మా మేనత్త, గడప దాకా వచ్చి కూర్చుండిపోయింది. అందరికీ కళ్ళనీళ్ళు. నాకూ ఏడుపొచ్చింది, ఎందుకో అప్పుడు తెలియలేదు.

పాట అయ్యేదాకా బాబాయి గుమ్మం దగ్గర్నుంచి కదల్లేదు. లోపలికీ రాలేదు. మాటా మార్చుకోలేదు.

పెళ్ళి మేళం లేకుండానే జరిగింది. సీతారత్నం చెప్పినట్టే మా తర్వాత ఒక్కో ఇల్లూ మానేసింది. కొన్నాళ్ళకి మేళం ఆవిడని గడపలోకి పిలవడమే తప్పయింది. మా చెల్లి పెళ్ళికి నల్లపూసలు పక్కింటి ముత్తయిదువ గుచ్చింది. సీతారత్నం కాకినాడ వెళ్ళిపోయిందని కొందరు, పోయిందని కొందరు అన్నారు.

మొన్న మా మనవరాలు నన్ను సినిమాకి లాక్కెళ్ళింది. అందులో క్లబ్బు డాన్సు వచ్చింది... రంగురంగుల దీపాలు, తలమీద ఈకలు, హాలంతా ఈలలు. నా పక్కావిడ కొంగు మూతికి అడ్డం పెట్టుకుని మరీ చూస్తోంది. మధ్యలో తడిక లేదు, అంతే తేడా. ఆ పిల్ల మాత్రం బాగా ఆడింది. తాళం తప్పలేదు, కళ్ళల్లో భావం ఉంది. ఆఖరికి హీరోకి తగలాల్సిన తూటా తను తిని చచ్చిపోయింది. హీరో ఇంకో అమ్మాయికి తాళి కట్టాడు.

"ఎప్పుడూ ఆ డాన్సమ్మాయే ఎందుకు చచ్చిపోవాలి మామ్మా?" అంది మనవరాలు, బయటికొస్తూ.

"పెళ్ళి కుదిరిపోయింది కదే... ఇంక ఆవిడతో పనేముంది?" అన్నాను.

ఇప్పుడు నల్లపూసలు బంగారం కొట్లో గుచ్చినవే దొరుకుతున్నాయి. ఎవరు గుచ్చారో ఎవరికీ అక్కర్లేదు. మీ ఇళ్ళల్లో, మీ అమ్మమ్మల పెళ్ళిళ్ళకి ఎవరు గుచ్చారో ఎవరికైనా గుర్తుందా...? ఉంటే చెప్పండి. కథలేం అక్కర్లేదు, ఆవిడ పేరు చాలు.