సరిత వదినతో రెండో భాగం

హనుమకొండ ఫిల్మ్ క్లబ్బులో ఆదివారం ఒక హీబ్రూ సినిమా రెండో భాగం వేస్తున్నారని తెలిసిన దగ్గర్నుంచి నాకు కాలు నిలవలేదు. మొదటి భాగాన్ని, సరిత వదినతో ఆ ఊళ్లోని ఆమె పుట్టింటికి వెళ్లినప్పుడు, అదే హాల్లో ఇద్దరం కలిసి చూశాం. ఇంగ్లీషు సబ్‌టైటిల్స్ ఆమెకు అందేవి కావు. నేను చెవిలో తెలుగులో చెబుతుంటే చూసేది. తర్వాత మా అన్నా, ఆమే విడిపోయారు, ఆమె పుట్టింటికి వెళ్లిపోయింది. మా ఇంట్లో ఆమె పేరెత్తడమే మానేశారు. వాళ్లిద్దరి విడాకులు మా ఇద్దరికీ కూడా వర్తిస్తాయా అన్నదే నా బాధ. ‘నేనొస్తున్న, నువ్వూ రా’ అని మెసేజ్ పెట్టాను. చూసింది, జవాబివ్వలేదు. దోస్తు పెళ్లని ఇంట్లో అబద్ధం చెప్పి బయల్దేరాను.

ఉప్పల్‌లో పొద్దున ఎక్స్‌ప్రెస్ ఎక్కితే మూడు గంటల ప్రయాణం. ఆడవాళ్లకు ఆధార్ చూపిస్తే టికెట్ ఉచితం. జనగామలో టీ కొన్నాను గానీ, ఫోన్ చూసుకుంటూ చల్లార్చేశాను. హనుమకొండ బస్టాండు నుంచి హాలుకు ఆటో అతను ఎనభై అడిగాడు.

“ఏ సినిమా అక్కా?”

“ఒక హీబ్రూ సినిమా. రెండో భాగం.”

“మొదటి దాంట్ల పెండ్లయిందా?”

“అయింది.”

“ఇంకేమున్నదక్కా మల్ల? కథ కంచికి వోయినట్టే గదా.”

కంచికి పోతే బాగానే ఉండేది, మావాళ్ల కథ కోర్టుకు పోయింది.

వదిన ముందే వచ్చి చివరి వరుసలో కూర్చుంది. ప్రాణం లేచొచ్చింది. కానీ ఎప్పట్లా “తిన్నవా?” అని అడగలేదు. సినిమాలో ఆ జంట కూడా విడిపోయి చెరో ఊళ్లో ఉన్నారు. నేను అలవాటు ప్రకారం చెవిలో చెబుతూ పోయాను. ఒకచోట ఆ భార్య ఒంటరిగా గిన్నెలు కడుగుతుంది. మాటల్లేవు. నా నోరు మాత్రం ఆగలేదు.

“నువ్వు లేక మంచిగనిపిస్తలేదు. నా మీద గూడ కోపమా?”

వదిన తెరవైపే చూస్తూ, “అక్కడ ఎవ్వరు మాట్లాడుతలేరు గదనే” అంది.

“నేనే మాట్లాడుతున్న వదినా.”

సినిమా అయిపోయింది. బయట మిర్చీలు తింటున్నప్పుడు వదిన అడిగింది.

“ఇంట్ల ఏం చెప్పొచ్చినవ్?”

“దోస్తు పెండ్లని.”

“మీ అన్నతోని నాది అయిపోయింది. నీతోని కాలే. కని దొంగచాటుగ వచ్చుడైతే రాకు. నేనేం తప్పు జేసిన్నని దాస్తున్నవ్?”

సిగ్గుతో చేతిలోని మిర్చి కాగితంలోనే పెట్టేశాను.

సినిమాలో ఆ జంట మళ్లీ కలవలేదు. కోర్టు ఆలుమగల సంగతి తేలుస్తుంది గానీ వదినా ఆడబిడ్డల సంగతి తేల్చదు, అది మనమే తేల్చుకోవాలి. మీరూ వెళ్తే ఒక సలహా: ఆదివారం సాయంత్రం ఉప్పల్ బస్సుల్లో కాలు పెట్టే సందుండదు, ఐదు లోపే ఎక్కేయండి. నేను ఆలస్యం చేసి, జనంలో నలుగుతూనే అన్నకు ఫోన్ చేశాను.

“అన్నా, నేను పెండ్లికి పోలే. వదినను కలిసొస్తున్న.”

వెంటనే నేనే అడిగాను.

“తిడుతవా?”

“లేదు” అన్నాడు. “మంచిగున్నదా?”

“ఉన్నది.”

“మల్లెప్పుడన్న పోతే అమ్మకు గూడ చెప్పి పో.”