భూమి గదిలో ఏం పెట్టాలి?

కోదాడలో మిర్యాలగూడ బస్సెక్కాను. అక్కడి బడిలో పిల్లలకు కథ చెప్పాలి, కథకేమో ముగింపు లేదు. అందులో గ్రహాంతరవాసులు ఒక ప్రదర్శనశాల కట్టి, ఒక్కో లోకపు నిశ్శబ్దాన్ని ఒక్కో గదిలో కళాఖండంలా పెడతారు. భూమి గదిలో ఏం పెట్టాలో నాకు తోచడం లేదు. పక్క సీటులో కూర్చున్న మేళ్లచెరువు పెద్దమ్మకు ఆ మాటే చెప్పాను.

ఆమె పకపకా నవ్వింది. "మా దగ్గర సప్పుడు లేకుంటేనే భయం బిడ్డా. సిమెంటు ఫ్యాక్టరీ మోతలనే మా పిల్లలు నిద్రపోతరు. అది ఆగిందనుకో, వాడంతా లేచి బయటికొస్తది. ఏమైంది, ఏమైందని ఒకల్నొకలు అడుగుడే. మళ్ల మోత మొదలైతేనే పోయి పండుకుంటం."

"మరి గ్రహాంతరవాసులు చూడటానికి వస్తే?"

"వాళ్లు గూడ మాతోని బయట నిలబడతరు."

ఇంతలో బస్సు ఇంజను టక్కున ఆగిపోయింది. ఒక్క క్షణం బస్సంతా నిశ్శబ్దం. మరుక్షణం అన్ని కిటికీల్లోంచీ తలలు బయటికి వచ్చాయి. "ఏమైందన్నా?"

పెద్దమ్మ నా భుజం తట్టింది. "సూసినవా, నీ భూమి గది గీడనే తెరిచిన్రు."

అప్పటికే నా తల కూడా కిటికీ బయటే ఉంది.