దెబ్బ తగలని మొఖం

మొన్న ఆదివారం మా బిడ్డ బలవంతపెట్టి నన్ను సినిమాకు తీసుకపోయింది. బాక్సింగ్ మీద పందేలు కాసే ముఠా, వాళ్ల చేతుల్ల చిక్కిన ఒక పిలగాడు, వాణ్ని ప్రేమించిన పిల్ల. అంతా పాతకాలం కథ. పాతకాలమంటే మా కాలమే. తెర మీద ఆ పిల్ల వేసుకున్న బుట్టచేతుల జాకెట్ చూసి, అసొంటిది నా పెట్టెల ఇంకా ఒకటి ఉన్నదని నవ్వుకున్న. ఇంటర్వల్ అయినంక ముఠా పెద్ద హీరోను మూడో రౌండ్ల పడిపొమ్మంటడు. ఆ పిల్ల వద్దంటది. హాలంతా చప్పట్లు, నా బిడ్డ కూడ కొట్టింది. నా చేతులు మాత్రం లేవలేదు. ఎందుకంటే, నేను పడుమన్న.

మా మేనత్త కొడుకు, నాకు బావ, పటాన్‌చెరుల మందుల కంపెనీల పనికి కుదిరి మా ఇంట్లనే ముందటి అర్రల ఉండెటోడు. డ్యూటీ దిగి వస్తుంటే ఆయనకంటె ముందు మందుల వాసన గడప దాటేది. మా అమ్మ ఆయన బట్టలు మా బట్టలతోని కలవనిచ్చేది కాదు. ఆదివారం హైవే పక్కన మూతపడ్డ ఒక షెడ్డుల బాక్సింగ్ పోటీలు జరిగేటియి. పేరుకు పోటీలు, నడిపేది పందేలోళ్లు. మా నాయినకు తెల్వకుండ బావ వెనక వాకిట్ల కూసోని చేతులకు గుడ్డపట్టీ చుట్టుకునెటోడు. ఎడమచేతికి తనే చుట్టుకోని, కుడిచెయ్యి నా ముందల పెట్టెటోడు, ఒక్క చేత్తోని కాదని. బాక్సర్లంత రెండు చేతులకు తామే చుట్టుకుంటరని నాకు శానా ఏండ్లకు తెలిసింది. అప్పుడే తెలిసినా చెప్పకపోదునేమో. మెటికల మీదుంచి పట్టీ నేను మెల్లగ తిప్పేదాన్ని. పెండ్లి మాట రెండిండ్లల్ల నడుస్తనే ఉండె.

ఒక ఆదివారం పట్టీ చుట్టుతుంటే చెప్పిండు, ఈసారి మూడో రౌండ్ల పడిపోవాలని పందేలోళ్ల హుకుం వచ్చిందని. పడకపోతే షెడ్డు బయట చెయ్యి విరగ్గొడ్తమన్నరంట. నువ్వేమంటవని నన్నడిగిండు. నేను ఆలోచన కూడ చెయ్యలేదు.

"పడు బావా. నువ్వు మంచిగ ఇంటికి రా, గంతే చాలు."

పడ్డడు. దీపాలు పెట్టే యాళ్లకు వచ్చి అరుగు మీద కూసున్నడు. గెలిచిన దినాల్ల పెదవి పగిలి, కన్ను వాచి వచ్చెటోడు. నేను తిట్టుకుంట ఉప్పునీళ్లతోని తుడిచేదాన్ని. ఆ దినం మొఖం మీద గీత కూడ లేదు. నేను కోరుకున్నదే. అయినా నీళ్ల చెంబు అక్కడ పెట్టి, తల వంచుకోని వంటింట్లకు పోయిన.

నెల తిరగకముందే పని ఇడిసిపెట్టి బొంబాయి బస్సెక్కిండు. ఎందుకో ఇంట్ల ఎవ్వరికీ సమజ్ కాలేదు. నా మాట విని పడినందుకు సిగ్గుపడి పోయిండని నేననుకున్న. ఆ మాటన్న నా నోటిని ఎన్నేండ్లు తిట్టుకున్ననో. తర్వాత ఇద్దరికీ ఎవరి పెండ్లి వాళ్లకైంది. నాకు దొరికినాయన మంచోడు, ఆయన మీద నాకు ఏ ఫిర్యాదు లేదు. అయినా బొంబాయి బోర్డు పెట్టుకున్న బస్సు పోతుంటే ఇప్పటికీ కిటికీలన్ని చూస్త.

నాలుగేండ్ల కింద సంగారెడ్డిల ఒక చుట్టాల పెండ్లిల కనిపించిండు. జుట్టంత తెల్లబడ్డది. అన్నాల కాడ నా పక్కకొచ్చి నిలవడ్డడు. పిల్లల సంగతులు, మోకాళ్ల నొప్పుల సంగతులు అయినంక, ధైర్యం చేసి అడిగిన, నేను పడుమన్నందుకే పోయినవా అని. ఆయన ప్లేటు దిక్కే సూస్కుంట మెల్లగ చెప్పిండు.

"గందుకు కాదు. నా మేలుకే అన్నవని తెల్సు. పడి వచ్చినంక నువ్వు నా మొఖం సూడలే. ఇయ్యాల సూస్తవ్, రేపు సూస్తవ్ అని నెల రోజులు ఎదురుసూసిన."

నిజమే. భయంతోని పడుమన్నదాన్నే, పడి వచ్చినోణ్ని తక్కువ చేసిన. ఆయన అది సూసిండు. నేను మాత్రం ఇన్నేండ్లు తప్పు నా నోటిదే అనుకున్న. అప్పుడన్నా తలెత్తి ఆయన దిక్కు చూసిన. ఆయన నవ్విండు. అంతల ఎవరో పిలిస్తే పోయిండు.

సినిమా నుంచి వస్తుంటే ఆటోల బిడ్డ అడిగింది, ఎట్లుందమ్మా అని. మంచిగుందన్న. తెర మీద మూడు గంటల్ల ఒక జిందగీ మొత్తం అయిపోయింది. నాకు ఆ ఒక్క సాయంత్రం గడవడానికే ముప్పై ఏండ్లు చాలలేదు.