ఎడమవైపు సీటు

2023 ఎండాకాలం. కోరుట్లలో నేను డ్రైవింగ్ స్కూలు పెట్టి అప్పటికి రెండేళ్లు. స్కూలంటే పెద్దగా ఊహించుకోకండి. ఒక రేకుల గది, ఒక పాత కారు, దాని నెత్తిన ఎల్ బోర్డు. స్టీరింగ్ ముందు నేర్చుకునేవాళ్లు, పక్కన నేను. డ్రైవింగ్ స్కూలు కార్లలో డ్యూయల్ కంట్రోల్ ఉంటుంది. అంటే ఎడమవైపు కూర్చునే మా కాళ్ల దగ్గర కూడా ఒక క్లచ్, ఒక బ్రేకు ఉంటాయి. స్టీరింగ్ మాత్రం ఉండదు. ఊళ్లో నేను ఇంకా బతికి తిరుగుతున్నానంటే ఆ బ్రేకు పుణ్యమే.

ఒక పొద్దున నర్సవ్వ వచ్చింది. మా వీధిలోనే ఉంటుంది, బీడీలు చేస్తుంది. వెనకాల ఆమె భర్త రాజేశం కాక. ముప్పై ఏళ్లు గల్ఫ్‌లో ఉండి, అందులో చాలాకాలం పెద్ద పెద్ద ట్రెయిలర్లు నడిపి, వయసైపోయిందని కంపెనీ పంపించేస్తే అంతకుముందు చలికాలమే ఇంటికి వచ్చేశాడు. ఇస్త్రీ చొక్కా, చేతికి గడియారం. ఆ ముస్తాబులో ఎక్కడికైనా వెళ్లొచ్చు. వెళ్లడానికే చోటు లేదు.

"పొద్దంత గడపల కూసుండి నేను చేసిన బీడీలకు వంకలు వెడుతున్నడు," అంది నర్సవ్వ. "ముప్పై ఏండ్లు బండి నడిపిండట. నేనైతే సూడలే. గీయినెకు ఏదన్న నేర్పు కొడుకా."

కాక నవ్వలేదు. ఆయన ఇక్కడి నుంచి పోయింది మేస్త్రీ కింద కూలీగా, బండి నేర్చింది అక్కడే. అందుకే ఇక్కడి లైసెన్సు లేదు. అది తీసుకుంటే ఏదో ఒక బండి నడుపుకుంటానని, ఖాళీగా ఉండలేకపోతున్నానని చెప్పాడు. మా వైపు గల్ఫ్ నుంచి వచ్చిన మనిషిని ఎవరైనా మొదట అడిగే మాట 'మళ్లెప్పుడు పోతవ్?' ఆయన్ని ఇంకా అదే అడుగుతున్నారట. ఇక పోను అంటే, అడిగినవాళ్లకు తర్వాత ఏం మాట్లాడాలో తెలియడం లేదట.

మొదటిరోజు ఇద్దరం ఎడమ తలుపు దగ్గరికే నడిచాం. ఆయన ముందు చేరుకుని ఎక్కి కూర్చున్నాడు. కాళ్లకు క్లచ్ తగిలింది, బ్రేకు తగిలింది. చేతులు ముందుకు చాపి గాలిలో వెతుక్కున్నాడు.

"స్టీరింగ్ ఏదిరా పిలగా?"

"గటుపక్క ఉన్నది కాకా. మన దేశంల గట్లనే పెడ్తరు."

అక్కడ స్టీరింగ్ ఎడమవైపు, బండి నడిచేది రోడ్డుకు కుడివైపు. ఇక్కడ అన్నీ తిరగబడ్డాయి. ఆయన కుడిచెయ్యి గేరు కోసం వెళ్లి అద్దం దించే హ్యాండిల్ పట్టుకునేది. ఇండికేటర్ వేద్దామని ఎడమచేత్తో మీట లాగితే, మే నెల ఎండలో వైపర్లు తిరిగేవి. హారన్ మాత్రం ముట్టుకునేవాడు కాదు. ఒక బర్రె అడ్డం నిలబడితే అది కదిలేదాకా ఆగాడు. కొట్టు కాకా అంటే, అక్కడ హారన్ కొడితే తిట్టినట్టేనన్నాడు. బర్రెను తిట్టే ఉద్దేశం ఆయనకు లేదు. మా వెనకున్న ఆటోవాళ్లకు మమ్మల్ని తిట్టే ఉద్దేశం బాగానే ఉంది.

ఇవన్నీ నవ్వుకునే సంగతులు. ఒకరోజు ఆ నవ్వు కూడా పోయింది. జగిత్యాల రోడ్డు ఎక్కేటప్పుడు కాక మలుపు తిప్పి, పాత అలవాటుగా కుడివైపుకు పోయాడు. ఎదురుగా బస్సు. నా బ్రేకు నేను తొక్కాను, తన బ్రేకు బస్సు డ్రైవరు తొక్కాడు. రెండు బండ్ల మధ్య ఒక మేక పట్టేంత జాగా మిగిలింది. ఈ వయసులో ఇదేం సరదా అని బస్సు డ్రైవరు తల బయటపెట్టి అడిగాడు.

కాక దిగిపోయాడు. నేను కారు పక్కకు తీసి వచ్చేసరికి రోడ్డు పక్కన నిలబడి ఉన్నాడు.

"రేపటి సంది రాను పిలగా. గక్కడ ముసలోన్నైన అని పంపిండ్రు. ఇక్కడ నేర్సుకునుడు చాతనైతలేదు. ఇంక నేను దేనికి పనికొస్త?"

నేను ఎక్కమని కారు తలుపు తీసి పట్టుకున్నాను.

మాట్లాడింది మహేశ్. మల్యాల ఊరి పిల్లవాడు, తన వంతు కోసం వెనక సీట్లో కూర్చుని ఉన్నాడు. డ్రైవర్ వీసా మీద గల్ఫ్ పోబోతున్నాడు. అక్కడ మళ్లీ టెస్టు పెడతారు. తప్పితే స్టీరింగ్ బదులు పార చేతికి వస్తుందని వాడి భయం.

"కాకా, నువ్వు దేన్ని మర్సిపోదామని తిప్పలు వడుతున్నవో, నాకు గదే నేర్పు. నాకు కావాల్సింది గదే."

కాక వాణ్ని ఎగాదిగా చూశాడు. "పొద్దుగాల లేస్తవా?" అన్నాడు.

ఊరి బయట ప్లాట్ల వెంచరు ఒకటుంది. రోడ్లు వేశారు, స్తంభాలు పాతారు, ఇల్లు మాత్రం ఒక్కటీ లేవలేదు. కార్లు తిరుగుతుంటే ప్లాట్లకు కళ వస్తుందని దాని ఓనరు సరేనన్నాడు. కాక పాత టైర్లు పేర్చి రౌండబౌట్ చేశాడు. అంటే నాలుగు రోడ్ల నడుమ గుండ్రటి దిమ్మె. మన దగ్గర అది విగ్రహం పెట్టడానికి, అక్కడ ఎవరు ముందు పోవాలో తేల్చడానికి. ముగ్గుపిండితో అక్కడిలాగే కుడివైపు నడిచే లేన్లు గీశాడు. ఆ పిండి నర్సవ్వది, అడిగి తెచ్చింది కాదు. స్టీరింగ్ ముందు మహేశ్, నా సీట్లో కాక, వెనక నేను. ఇరవై ఏడేళ్లకే నా కారులో నేను రిటైరయ్యాను.

ఆ ఎడమ సీట్లో ఆయన వేరే మనిషి. గొంతు పెంచడు. "లోపల తిరిగేటోన్ని పోనియ్యి, నువ్వు ఆగు," అంటాడు. "భుజం మీదికెళ్లి ఎనకకు సూడు. అద్దం అబద్ధం చెప్తది," అంటాడు. మరి అక్కడ గేరు కుడిచేత్తో వేయాలి కదా అని నేను వెనక నుంచి సణిగితే, చేతులు అక్కడికి పోయినంక నేర్చుకుంటాయి, కళ్లు ఇక్కడే నేర్చుకోవాలి అన్నాడు. ఆ మాట ఇప్పుడు నేను ప్రతి స్టూడెంటుకూ నా సొంతమన్నట్టు చెప్తున్నాను.

ఇక్కడి లైసెన్సునూ ఆయన వదల్లేదు. జగిత్యాలలో టెస్టు ట్రాకు మీద మొదటిసారి ఇండికేటర్‌కు బదులు వైపర్ వేసి ఫెయిలయ్యాడు. రెండోసారి వెళ్లిననాడు వాన. వైపర్ వేశాడు, ఎవరూ ఏమీ అనలేదు. ఆ ధైర్యంతో ఇండికేటర్ కూడా వేశాడు. పాసయ్యాడు.

మహేశ్ గల్ఫ్ నుంచి ఫోన్ చేసి, మొదటి టెస్టుకే పాసయ్యానన్నాడు. కాక శభాష్ అంటాడేమోనని నేను స్పీకర్ పెట్టి ఫోన్ ఆయనకిచ్చాను.

"బెల్టు పెట్టుకున్నవా?" అన్నాడు కాక.

వాడు అప్పుడు రూములో మంచం మీద ఉన్నాడు. అయినా, "పెట్టుకున్న కాకా," అన్నాడు. కాక ఫోన్ నా చేతికిచ్చి, బయటికి పోయి కారు అద్దం తుడిచాడు. అంతకుముందే తుడిచిన అద్దం.

ఆ తర్వాత సిరిసిల్ల నుంచి, గంభీరావుపేట నుంచి కూడా పిల్లలు రావడం మొదలైంది. ఒకరోజు సిరిసిల్ల పిల్లవాడు నడుపుతుండగా నర్సవ్వ వెంచరుకు వచ్చింది. ముగ్గుపిండి ఏమవుతుందో కనుక్కుందామని వచ్చినట్టుంది. మొగుడు చేతులు ఒళ్లో పెట్టుకుని కూర్చోవడం చూసి అక్కడే నిలబడిపోయింది.

"ముప్పై ఏండ్లు గిట్లనే నడిపినవా? పక్కకు కూసుండి?"

పిల్లవాడు కిసుక్కున నవ్వాడు. ఆ నవ్వులో బ్రేకు అనుకుని యాక్సిలరేటర్ తొక్కాడు. కారు దిమ్మె టైర్ల వైపు దూకింది, వాటికి జానెడు దూరంలో ఆగిపోయింది. కాక చేతులు ఒళ్లోనే ఉన్నాయి. నవ్వుడు తప్పు కాదు గానీ కాలితో నవ్వొద్దని పిల్లవాడికి చెప్పి, అప్పుడు భార్య వైపు తిరిగాడు.

"ఇప్పుడు ఆపిందెవలు?"

నర్సవ్వ టైర్లను చూసింది, కారును చూసింది. మెచ్చుకోలేదు. వెనక తలుపు తీసి, నన్ను జరగమని, పక్కన కూర్చుంది. "నడువుండ్రి, సూద్దాం," అంది.

స్టీరింగ్ వదిలిన మనిషి ఇక బండి దిగిపోవడమే మిగిలిందని నేను అనుకునేవాణ్ని. బ్రేకు ఉన్న సీటు ఇంకొకటి ఉంటుందని, అందులో కూర్చోవాలంటే ముందు ఎన్నో ఏళ్లు స్టీరింగ్ పట్టి ఉండాలని కాకను చూశాకే నాకు తెలిసింది. మొదటిరోజు ఆయన ఎడమ తలుపు తీస్తే పొరపాటనుకున్నాను. ఇప్పుడు ఆయన నా దగ్గర నేర్చుకున్న మనిషని పదిమందిలో చెప్పుకుంటాను. ఆయన కూడా కాదనడు, పెద్ద మనసు.

వీధిలో ఆయన్ని మళ్లెప్పుడు పోతవ్ అని అడగడం మానేశారు. మా వోన్ని ఎప్పుడు పంపుమంటవ్ అని అడుగుతున్నారు. స్కూలు నాదైనా అడిగేది ఆయన్నే. మొన్న, బోర్డు మీద నీ పేరు కూడా రాయిద్దాం కాకా అన్నాను.

"పేరు తర్వాత. ముందుగాల వైపర్లు మార్పియ్యి. అరిగినయ్," అన్నాడు.

అరిగించింది ఎవరో నేను అడగలేదు.