వెంకటరాజు మామ ఆందోళన

మా వెంకటరాజు మామకు ఒకటే జబ్బు. ఎక్కడ ఏం జరిగినా బ్రిటన్ ప్రభుత్వంలాగా ఆందోళన వ్యక్తం చేస్తాడు.

రోజూ పొద్దున్నే లుంగీ ఎగ్గట్టి, రేడియో చెవికి ఆనించుకుని, బర్మాలో మా పేటైన మింగళ తౌంగ్‌న్యున్‌లోని నా టీకొట్టుకు మేడ మీంచి దిగేవాడు. ఒకప్పుడు మనల్ని ఏలినవాళ్లు ఇప్పుడు మన సైనిక పాలన గురించి ఏమన్నారో ప్రకటించేవాడు.

"లండన్ ఆందోళన వ్యక్తం సేసింది."

"ఇంకేటి సేసింది మామా?"

"తీవ్రంగా వ్యక్తం సేసింది!"

ఆ పద్ధతి ఇంట్లోకీ పాకింది. కమలమ్మత్త బియ్యం నిండుకున్నాయంటే, "పరిస్థితిని గమనిస్తున్నాం" అనేవాడు. "సంచీ పట్టుకెళ్లి గమనించండి!" అని అత్త తరిమేది. మాటలు తప్ప చేతలు లేని మనిషని నేనూ నవ్వుకునేవాణ్ణి.

కుర్రాళ్లను పట్టుకెళ్లి సైన్యంలో కలిపేస్తున్న రోజులవి. ఓ పొద్దున నా తమ్ముడు గోపీకృష్ణ వంటగదిలో పరోటాలు కాలుస్తుండగా, వార్డు ఆఫీసరు ఇద్దరు సైనికులతో కొట్లోకి వచ్చాడు. వెనక తలుపుకు పిండి బస్తాలు అడ్డం.

"లోపల ఎవరు?" అన్నాడు ఆఫీసరు.

మామ లేచి, వంటగది గుమ్మానికి అడ్డంగా నిలబడి, బర్మా భాషలో బ్రిటన్‌ను తిట్టడం మొదలుపెట్టాడు.

"మా తాతను ఓడలో కుక్కి తెచ్చి రేవులో మూటలు మోయించారు! జపాను బాంబులు పడగానే అందర్నీ వదిలేసి పారిపోయారు! ఇప్పుడు లండన్‌లో కూర్చుని మనకు నీతులా?"

ఆఫీసరు మొహం వెలిగిపోయింది. "నిజం, ఊలే!" అని బాబాయి వరస కలిపి, కుర్చీ లాక్కున్నాడు. నేను టీ అందించాను.

లోపల బస్తా జరిగిన చప్పుడైంది. ఒక సైనికుడు తలెత్తాడు. మామ బల్ల మీద గట్టిగా గుద్ది, పాత గవర్నర్లందరినీ మళ్లీ మొదటినుంచి దులిపేశాడు.

చివరికి ఆఫీసరు లేచి వంటగదిలోకి తొంగి చూశాడు. పెనం మీద పరోటా మాడుతోంది.

"వంటవాడేడి?"

"నేనే సార్!" అని ఉరికి, ఆ బొగ్గుముక్కను తిరగేశాను. అతను ముక్కు మూసుకుని వెళ్లిపోయాడు.

సాయంత్రానికి గోపీ తెలిసినవాళ్లింటికి క్షేమంగా చేరానని ఫోన్ చేశాడు. మేడెక్కి మామ చేతులు పట్టుకున్నాను. నాకు ఏడుపొచ్చింది.

"నానేటి సేసినాన్రా రాజబాబూ? ఆందోళన వ్యక్తం సేసినాను, అంతే."

ఆ మాట కూడా సరిగ్గా వినబడలేదు. వేడినీళ్ల గ్లాసు మామ చేతికిస్తూ కమలమ్మత్త అంది:

"ఈసారి తీవ్రంగానే సేసినార్రా. సూడు, గొంతు పోనాది."